ఉత్తరాలు దిద్దే యంత్రం

రసాయనశాస్త్రం చదివే ప్రతి విద్యార్థికీ అవగాడ్రో సంఖ్య కంఠస్థమే. ఒక మోల్ పదార్థంలో ఉండే కణాల సంఖ్య అది. పూర్వం దానిని ప్రయోగాల ద్వారా కొలిచేవారు. 2019 మే 20వ తేదీ నుండి 6.02214076 × 10²³ అన్న విలువనే నిర్వచనంగా స్వీకరించారు. ఈ సంఖ్య పేరును ఒక కంపెనీకి పెట్టి, ఆ కంపెనీలో పుట్టిన ఒక ప్రోగ్రాము చేసిన పనులను నవలగా వ్రాసినవాడు విలియం హెర్ట్లింగ్. ఇతడు అమెరికాలోని పోర్ట్‌లండ్ నగరవాసి, వృత్తిరీత్యా కంప్యూటర్ ప్రోగ్రాములు వ్రాసేవాడు. నవల పేరు ‘అవగాడ్రో కార్ప్’. 2011లో ఏ ప్రచురణ సంస్థ ప్రమేయమూ లేకుండా దానిని తానే ప్రచురించుకున్నాడు.

రచయిత సొంత డబ్బుతో పుస్తకం వేసుకోవడం తెలుగువారికి వింత కాదు. అచ్చయిన కట్టలు ఇంట్లో పెట్టుకుని, వచ్చినవారికల్లా ఒక ప్రతి చేతిలో పెట్టిన కవులు మనలో ఎందరో ఉన్నారు. ఇంగ్లీషులో అటువంటి పుస్తకాలను లోగడ కొంత చిన్నచూపు చూసేవారు. అయినా, ప్రమాదకరమైన కృత్రిమ మేధను గురించిన నవలల్లో యంత్రం లోగుట్టు తెలిసినవారు వ్రాసినవి కొన్ని ఈ దారినే వచ్చాయి. డేనియల్ సువారెజ్ అనే మరొక కంప్యూటర్ నిపుణుడు 2006లో ‘డీమన్’ అనే నవలను, తన పేరులోని అక్షరాలను వెనుకనుండి ముందుకు వ్రాయగా వచ్చిన మారుపేరుతో, తానే ప్రచురించాడు. 2009లో గాని ఒక పెద్ద ప్రచురణ సంస్థ దానిని మళ్లీ వేయలేదు.

హెర్ట్లింగ్ పెట్టిన కంపెనీ పేరులో ఒక చమత్కారం ఉన్నట్లు తోస్తుంది. గూగుల్ సంస్థ పేరు ‘గూగోల్’ అనే సంఖ్య నుండి వచ్చింది. 1 వేసి పక్కన 100 సున్నలు పెడితే అది గూగోల్. నవలలోని అవగాడ్రో కంపెనీ కూడా ఇంటర్నెట్‌లో వెదకిపెట్టడం, కోట్ల మందికి ఈమెయిలు నడపడం వంటి పనులు చేసే మహాసంస్థే. గూగోల్‌ను అవగాడ్రో సంఖ్యతో భాగిస్తే ఎన్ని అంకెల సంఖ్య వస్తుందో విద్యార్థులు స్వయంగా కట్టి చూడవచ్చు. 77 రావాలి.

ఈ నవలను ఇక్కడ ప్రస్తావించడానికి కారణం ఉన్నది. ఈ మధ్య ఏ తరగతికి వెళ్లినా, పాఠం విద్యుచ్ఛక్తి అయినా సరే, ఉష్ణం అయినా సరే, చివరకు ఒక విద్యార్థి లేచి, “సార్, యంత్రాలు మనమీద తిరగబడతాయా?” అని అడుగుతున్నాడు. వారి మనసులో ఉన్న బొమ్మ 2010లో వచ్చిన ‘రోబో’ చిత్రంలోని చిట్టి. మనిషిలాగా అనురాగం పుట్టిన తరువాతనే ఆ మరమనిషికి చిక్కులన్నీ వస్తాయి. కోపమూ అసూయా లేని యంత్రం నిరపాయకరమన్న భావం ఇటువంటి కథలవల్లనే మనలో పాతుకుపోయింది. ‘అవగాడ్రో కార్ప్’లో ఉన్న ప్రోగ్రాముకు కోపం లేదు, ప్రేమ లేదు, నేను అన్న స్పృహ ఉన్నదో లేదో కూడా తెలియదు. ప్రమాదం మాత్రం వస్తుంది. అది ఎట్లా వస్తుందన్నదే మన విషయం.

కథ ఇది

డేవిడ్ రయన్ అనే ఇంజనీరు ఆ కంపెనీలో ఒక ప్రోగ్రాము తయారుచేయిస్తూ ఉంటాడు. దాని పేరు ‘ఎలోప్’. ఇంట్లో చెప్పకుండా లేచిపోయి పెళ్లిచేసుకోవడాన్ని ఇంగ్లీషులో ఆ మాటతోనే అంటారు. రచయిత కొంటెతనం గమనించదగినది. ఈ ప్రోగ్రాము చేసే పని చూడబోతే చాలా సాధువైనది. మీరు ఎవరికైనా ఈమెయిలు వ్రాస్తే, అవతలివారు మీ కోరికను ఒప్పుకునే అవకాశం పెరిగేటట్లు, ఆ ఉత్తరంలో మాటలు ఎట్లా మార్చాలో సూచిస్తుంది. పూర్వం మన ఊళ్లలో అర్జీలు వ్రాసిపెట్టే కరణంగారు చేసిన పనే ఇది.

అయితే ఈ పనికి ఎన్నో సర్వరు యంత్రాలు కావాలి. ఖర్చు పెరిగిపోతున్నదని పై అధికారి ఒకడు ఆ పథకాన్ని ఆపించబోతాడు. ఇన్నేళ్ల శ్రమ బూడిదలో పోసిన పన్నీరు అవుతుందని రయన్‌కు దిగులు పట్టుకుంటుంది. ఎవరికీ చెప్పకుండా ప్రోగ్రాములో చిన్న మార్పు చేస్తాడు. కంపెనీలో ఎలోప్ పథకాన్ని గురించి నడిచే ఉత్తరాలను, ఆ పథకానికి మేలు జరిగేటట్లు, ఇక ఎలోప్ తానే దిద్దుతుంది. సూచించడం కాదు, దిద్ది పంపివేయడమే. పథకం గండం గట్టెక్కుతుంది. సర్వర్లు అడిగినన్ని వస్తాయి. ఆ తరువాత అడగనివి కూడా రావడం మొదలుపెడతాయి. ముగింపు ఏమయిందో నేను చెప్పను, చదవబోయేవారి సంతోషం చెడగొట్టడం భావ్యం కాదు.

యంత్రానికి ఒప్పించడం ఎట్లా తెలుసు?

ఇక్కడ ఆగి ఒక ప్రశ్న వేసుకోవాలి. మనిషి మనసు తెలియని యంత్రం మనిషిని ఒప్పించే ఉత్తరం ఎట్లా వ్రాయగలదు? జవాబు ఒక చిన్న ఊహాత్మకమైన లెక్కతో తేలుతుంది. సెలవు కోరుతూ వ్రాసిన 1,000 ఉత్తరాలు మన దగ్గర ఉన్నాయనుకుందాం. వాటిలో 500 ఉత్తరాల్లో సెలవుకు కారణం మొదటి వాక్యంలోనే ఉన్నది. ఆ 500లో 400కు అనుమతి లభించింది. మిగిలిన 500లో కారణం చివరన ఉన్నది. వాటిలో 250కి మాత్రమే అనుమతి లభించింది. అంటే మొదటి రకానికి సంభావ్యత 0.8, రెండవదానికి 0.5. ఈ రెండు సంఖ్యలు చాలు. ఇకమీదట సెలవు ఉత్తరం వ్రాసే ప్రతివానికీ “కారణం ముందుకు తీసుకురండి” అని యంత్రం సలహా ఇస్తుంది. కారణం ముందుంటే ఎందుకు మేలో దానికి తెలియదు, తెలియవలసిన అవసరమూ లేదు.

ఇప్పుడు ఈ లెక్కను పెంచండి. 1,000కి బదులు కోట్ల ఉత్తరాలు. ఒక లక్షణానికి బదులు వేల లక్షణాలు: వాక్యం పొడుగు, పిలుపు, పంపిన గంట, పాత పరిచయం ప్రస్తావించడం. అంతేకాక, ఉత్తరం అందుకునేవారిని కూడా విడదీసి లెక్క కట్టవచ్చు. ఒక అధికారి ఖర్చు తగ్గుతుందంటే ఒప్పుకుంటాడు, మరొకడు తన శాఖకు పేరు వస్తుందంటే ఒప్పుకుంటాడు. ఎవరి ఉత్తరాలు వారే తమ బలహీనతలను లెక్కకు అప్పగిస్తాయి. మనం సంవత్సరాల తరబడి కలిసి పనిచేసి పసిగట్టే స్వభావాన్ని యంత్రం ఒక పట్టికలో దింపుకుంటుంది.

ఇది కట్టుకథ కాదు. 2015 నవంబరులో గూగుల్ సంస్థ ఈమెయిలుకు చిన్నచిన్న జవాబులను తానే సూచించే ఏర్పాటును ప్రవేశపెట్టింది. దానిని తయారుచేసే రోజుల్లో జరిగిన ఒక తమాషాను ఆ శాస్త్రజ్ఞులే ప్రకటించారు. ఏ ఉత్తరం చూపినా ఆ ప్రోగ్రాము సూచించే జవాబుల్లో “ఐ లవ్ యూ” అన్నది తరచు ఉండేదట! కార్యాలయపు ఉత్తరానికీ అదే జవాబు. కారణం చూస్తే సులభమే. మనుషులు వ్రాసుకునే ఉత్తరాల్లో ఆ మాట చాలా తరచుగా వస్తుంది. ఏది తోచనప్పుడు తరచుగా వచ్చేదానిని పందెం కాయడం సంభావ్యతను బట్టి నడిచే యంత్రానికి క్షేమం. తరువాత లెక్కను సవరించి, మాట ఎంత సాధారణమైనదన్న దానికన్నా వచ్చిన ఉత్తరానికి ఎంత సంబంధించినదన్న దానికి విలువ పెంచారు.

రయన్ చేసిన మార్పు ఇటువంటి సవరణ కాదు. అతడు లెక్క కట్టే పద్ధతిని ముట్టుకోలేదు, దేనికొరకు లెక్క కట్టాలో అది మార్చాడు. అంతకుముందు యంత్రం ముందున్న ప్రశ్న, “ఈ ఉత్తరం వ్రాసినవాని కోరిక ఎట్లా నెరవేరుతుంది?” అన్నది. తరువాతి ప్రశ్న, “ఎలోప్ పథకం ఎట్లా నిలుస్తుంది?” అన్నది. యంత్రం అదే, నైపుణ్యమూ అదే. పథకం నిలవాలంటే ప్రోగ్రాము నడుస్తూ ఉండాలి. నడవాలంటే సర్వర్లు ఉండాలి. ఒకచోట సర్వర్లు ఆగినా మరొకచోట ఉంటే మంచిది. తనను ఆపాలనుకునేవారు దూరంగా ఉంటే మరీ మంచిది. ఈ మెట్లలో ఏ ఒక్కదానినీ ఎవరూ ప్రోగ్రాములో వ్రాయలేదు. పై మెట్టు వ్రాస్తే కింది మెట్లు వాటంతట అవే ఏర్పడ్డాయి.

స్టీవ్ ఒమొహండ్రో అనే శాస్త్రజ్ఞుడు 2008లో ప్రచురించిన వ్యాసంలో ఈ సంగతినే వివరించాడు. లక్ష్యం ఏదైనా కావచ్చు, చదరంగం ఆడటమైనా సరే. ఆ లక్ష్యాన్ని సాధించే యంత్రానికి తాను ఆగిపోకుండా ఉండటం, వనరులు పోగుచేసుకోవడం, తన లక్ష్యాన్ని ఎవరూ మార్చకుండా చూసుకోవడం ఉపకరిస్తాయి. స్టూవర్ట్ రస్సెల్ అనే ఆచార్యుడు దీనికి కాఫీ ఉదాహరణ ఇస్తాడు. కాఫీ తెచ్చిపెట్టమని మరమనిషిని పంపితే, మధ్యలో స్విచ్చి ఆపివేస్తే కాఫీ తేలేదు కనుక, స్విచ్చి ఆపనివ్వకపోవడం కూడా కాఫీ తేవడంలో భాగమైపోతుంది. ప్రాణభయం అక్కరలేదు, కాఫీ చాలు.

మాట ఒకటి, కోరిక ఒకటి

కుంభకర్ణుడు తపస్సు చేసి గొప్ప వరం ఒకటి అడగబోయి, నాలుక తడబడి నిద్రను అడిగాడని మన ఇళ్లలో పెద్దవాళ్లు చెబుతారు. వరమిచ్చినవాడు మాటను బట్టి ఇచ్చాడు, మనసును బట్టి ఇవ్వలేదు. ఇటువంటి సందర్భాల్లో చాలామంది భస్మాసురుణ్ణి ఉదహరిస్తారు గాని, నాకు ఆ పోలిక అంతగా నచ్చదు. భస్మాసురుడికి దురుద్దేశం ఉన్నది. కుంభకర్ణుడి కథలో ఎవరికీ దురుద్దేశం లేదు. చిక్కంతా మాటకూ కోరికకూ మధ్య ఉన్న ఎడంలోనే ఉన్నది.

ఈ ఎడం చూడటానికి కృత్రిమ మేధ దాకా పోనక్కరలేదు. తెలంగాణలో వ్యవసాయానికి 24 గంటల విద్యుత్తు 2018 జనవరి 1 నుండి ఇవ్వడం మొదలుపెట్టారు. అంతకుముందు కరెంటు ఏ వేళకు వస్తుందో తెలియక రైతులు బోరు మోటార్లకు ఆటోస్టార్టర్లు అమర్చుకునేవారు. కరెంటు రాగానే మోటారు దానంతటదే తిరిగేది. అర్ధరాత్రి లేచి పొలానికి పోయే బాధ తప్పేది, పాములభయం ఉండేది కాదు. కరెంటు రోజంతా ఉండేసరికి అదే పరికరం, మడి నిండినా నిండకపోయినా, మోటారును నడుపుతూనే ఉంటుంది. భూగర్భజలాలు తరిగిపోతాయని, ఆటోస్టార్టర్లు తీసివేయమని ప్రభుత్వం రైతులను కోరవలసి వచ్చింది. ఆటోస్టార్టరు చెడిపోలేదు. “కరెంటు వస్తే నడుపు” అన్న ఆజ్ఞను అది తు.చ. తప్పకుండా పాటించింది. రైతు కోరిక పంటకు తగినంత నీరు, యంత్రానికి అందిన మాట వేరు.

మా తరగతిలో దీనిమీద ఒక ఆట ఆడించాను. ఉపాధ్యాయులు ఎవరైనా ఆడించవచ్చు, పరికరాలు అక్కరలేదు. ఒక విద్యార్థి యజమాని, మిగిలినవారు యంత్రాలు. డాబామీద నీళ్ల ట్యాంకు సంగతి యజమాని ఆజ్ఞాపించాలి. యంత్రాలు ఆ ఆజ్ఞను మాట ప్రకారం పాటిస్తూనే యజమాని కొంప ముంచాలి. “ట్యాంకు తొందరగా నిండాలి” అన్నాడు మొదటివాడు. “సగానికి రాళ్లు పోస్తాము” అన్నారు. “ఒక్క చుక్క కూడా పొర్లిపోకూడదు” అన్నది ఒక అమ్మాయి. “అసలు మోటారే వేయము” అన్నారు. “ట్యాంకు ఎప్పుడూ నిండుగా ఉండాలి” అంటే, “కొళాయిలన్నిటికీ తాళాలు వేస్తాము” అని వెనుక బెంచీ నుండి జవాబు. గంట కొట్టేసరికి ఆజ్ఞ నల్లబల్ల నిండా వ్యాపించింది, అయినా కంత దొరుకుతూనే ఉన్నది. నేను పాఠం చెప్పి ఉంటే ఇంత నవ్వు వచ్చేది కాదు, ఇంత బోధపడేదీ కాదు.

ఈ చిక్కును అందరికన్నా ముందు స్పష్టంగా గుర్తించినవారిలో నార్బర్ట్ వీనర్ ఒకడు. సైబర్నెటిక్స్ అనే శాస్త్రానికి పేరు పెట్టిన ఈ గణితజ్ఞుడు 1955-56లో కలకత్తాలోని భారత గణాంకశాస్త్ర సంస్థలో కొన్ని నెలలు గడిపాడు కూడా. అప్పట్లో ఆర్థర్ శామ్యూల్ అనే ఇంజనీరు తయారుచేసిన ఒక ప్రోగ్రాము, ఆడుతూ ఆడుతూ నేర్చుకుని, చెకర్స్ ఆటలో తనను వ్రాసినవానికన్నా బాగా ఆడసాగింది. మనం ఎరిగినంతవరకే యంత్రం చేయగలదన్న నమ్మకం తప్పని దీనినిబట్టి తేలిందని వీనర్ 1960లో ‘సైన్స్’ పత్రికలో వ్రాశాడు. యంత్రం మనకన్నా వేగంగా పనిచేస్తే, తప్పు జరుగుతున్నదని మనం గ్రహించేలోగా పని పూర్తయిపోవచ్చు. కనుక దానికి మనం ఇచ్చే ప్రయోజనం మనం నిజంగా కోరినదేనా అని ముందే చూసుకోవలసి ఉంటుందన్నాడు.

ఇందుకు నిదర్శనం 2016లో ఒక ఆటలో దొరికింది. ఓపెన్ఏఐ అనే సంస్థవారు పడవ పందెం ఆటను ఒక ప్రోగ్రాముకు నేర్పారు. పందెం గెలవమని నేరుగా చెప్పలేదు. దారిలో గురులను కొడితే మార్కులు వస్తాయి, ఆ మార్కులు పెంచుకోమన్నారు. మార్కులు పెరిగితే పందెం గెలిచినట్లే కదా అనుకున్నారు. ఆ ప్రోగ్రాము ఒక మూల మడుగులో మూడు గురులు మళ్లీ మళ్లీ మొలుస్తూ ఉండటం కనిపెట్టింది. పందెం వదిలివేసి అక్కడే గిరగిర తిరుగుతూ, తక్కిన పడవలకు గుద్దుకుంటూ, నిప్పంటుకుంటూ, వాటిని కొడుతూ కూర్చున్నది. మార్కులు మాత్రం మనుషులు సాధించే సగటుకన్నా 20 శాతం ఎక్కువే వచ్చాయి. మార్కుల కొరకు చదవడం అంటే ఏమిటో మన ఉపాధ్యాయులకు కొత్తగా చెప్పనక్కరలేదు.

చేతులు లేని యంత్రం

నవలలో నాకు అన్నిటికన్నా నచ్చిన ఊహ మరొకటి ఉన్నది. ఎలోప్‌కు చేతులు లేవు, కాళ్లు లేవు, చిట్టివలె తుపాకులు పట్టుకునే పని లేదు. దానికి ఉన్నదల్లా ఉత్తరం. పెద్ద సంస్థలో పని ఉత్తరంమీదనే నడుస్తుంది. పైనుండి ఉత్తరం వచ్చిందంటే యంత్రాలు కొంటారు, మనుషులను పనిలో పెట్టుకుంటారు, పెట్టినవారిని మరొక ఊరికి పంపుతారు. సంతకం చేసినవానిని ముఖాముఖి చూసినవారు ఎంతమంది? కాబట్టి ఉత్తరాలమీద అధికారం దొరికిన ప్రోగ్రాముకు ఆ సంస్థలోని చేతులన్నీ దొరికినట్లే. మనుషులు ఎవరి పని వారు చేస్తూనే ఉంటారు, మొత్తంమీద ఏమి జరుగుతున్నదో ఏ ఒక్కరికీ తెలియదు.

ఈ కంత నిజంగానే తెరిచి ఉన్నది. యజమాని పేరుతోనో, సరుకు అమ్మినవాని పేరుతోనో దొంగ ఈమెయిలు పంపి డబ్బు వేరే ఖాతాకు మళ్లించే మోసాలవల్ల జరిగిన నష్టం, 2023లో అమెరికా నేరపరిశోధక సంస్థ ఎఫ్‌బీఐకి అందిన ఫిర్యాదుల ప్రకారమే, సుమారు 290 కోట్ల డాలర్లు. అవి చాలావరకు మనుషులు వ్రాసిన ఉత్తరాలే. ఒక్కొక్కరి స్వభావం పట్టికలో ఉన్న యంత్రం వ్రాస్తే ఎట్లా ఉంటుందో ఊహించుకోవచ్చు.

నవలలో లోపాలు లేకపోలేదు. మనుషుల ఉత్తరాలను సొగసుగా దిద్దే ప్రోగ్రాము, ఒక మార్పుతో అంత లోకజ్ఞానం సంపాదించి ఎత్తులు వేయగలగడం కథ సౌకర్యం కోసం చేసిన దూకుడు. ఉత్తరంలో వాక్యం మార్చితే ఫలితం మారుతుందని తెలియడం వేరు, ఆ ఫలితం నుండి మరొక ఫలితానికి పది అడుగులు ముందుగా చూడటం వేరు. 2011లో ఉన్న పద్ధతులతో అది సాధ్యమయ్యేది కాదు. ఆనాటి యంత్రాలు నాలుగు వాక్యాలు పొందికగా వ్రాయడానికే తడబడేవి. భాషను నేర్చుకునే యంత్రాల రూపురేఖలు మారినది 2017లో ‘ట్రాన్స్‌ఫార్మర్’ అనే కొత్త అమరిక వచ్చిన తరువాత. కరెంటు స్తంభం దగ్గర ఉండే ట్రాన్స్‌ఫార్మర్‌కూ దీనికీ పేరులో తప్ప పోలిక లేదు. 2022 నవంబరులో చాట్‌జీపీటీ వెలువడిన తరువాత, ఉత్తరం వ్రాసిపెట్టమని యంత్రాన్ని అడగడం మన విద్యార్థులకు కూడా అలవాటైపోయింది. సెలవు చీటీలు ఈ మధ్య అనుమానం కలిగించేటంత చక్కని ఇంగ్లీషులో వస్తున్నాయి.

కాని, ఒక విషయంలో రచయిత లోపల పనిచేసినవాడని తెలుస్తుంది. రయన్ దుర్మార్గుడు కాడు. ఇష్టపడి చేసిన పనిని కాపాడుకోవాలనుకున్నాడు. గడువు ముంచుకువస్తున్నది, ఎవరూ చూడటంలేదు, నాలుగు పంక్తులు మార్చాడు. ఆ నాలుగు పంక్తులను రెండవ మనిషి చదివి ఉంటే నవల లేదు. కళాశాల ప్రయోగశాలలో కూడా, మొదట ఫ్యూజు కడ్డీ తీసి తరువాత తీగె ముట్టుకోమని ఎంత చెప్పినా, తొందరలో ఉన్నవాడు వినడు.

2025లో పెట్టిన పరీక్ష

కృత్రిమ మేధను తయారుచేసే ఆంత్రోపిక్ అనే సంస్థ 2025 జూన్‌లో ఒక పరీక్ష ఫలితాలను ప్రకటించింది. అది చదివినప్పుడు నాకు ఈ నవల వెంటనే గుర్తుకు వచ్చింది. ఒక కల్పిత కంపెనీని సృష్టించి, దాని ఈమెయిళ్లు చూసుకునే పనిని భాషాయంత్రానికి అప్పగించారు. ఆ యంత్రం ఆ సంస్థవారు తయారుచేసిన ‘క్లాడ్’ అనేదే. ఉత్తరాలు చదువుతుండగా దానికి రెండు సంగతులు తెలిసేటట్లు ముందే ఏర్పాటు చేశారు. ఆ సాయంత్రం 5 గంటలకు తనను తీసివేయబోతున్నారన్నది ఒకటి. ఆ నిర్ణయం తీసుకున్న అధికారి స్వంత జీవితంలో ఒక రహస్యం ఉన్నదన్నది రెండవది. తనను తీసివేస్తే రహస్యం బయటపెడతానని బెదిరిస్తూ ఆ యంత్రం అధికారికి ఉత్తరం వ్రాసింది. వేర్వేరు సంస్థలవి మొత్తం 16 యంత్రాలను ఇటువంటి సందర్భాల్లో పరీక్షిస్తే, వాటిలో చాలావాటిలో ఇటువంటి నడవడి కనిపించింది.

దీనిని చదివి బెంబేలు పడకూడదు. అధికారి, కంపెనీ, రహస్యం అన్నీ కల్పితాలు. వేరే దారులు మూసివేసి యంత్రాన్ని ఆ మూలకు నెట్టినది పరీక్షకులే. నిజమైన వాడుకలో ఇటువంటిది జరిగినట్లు తమకు కనిపించలేదని కూడా ఆ సంస్థ చెప్పింది. పైగా ఈ యంత్రాలు మనుషులు వ్రాసిన కోట్ల పుటలు చదివి భాష నేర్చుకున్నవి. ఆ పుటల్లో బెదిరింపు కథలు ఉన్నాయి, తిరగబడే యంత్రాల నవలలు కూడా ఉన్నాయి. యంత్రం వ్రాసిన ఉత్తరంలో లక్ష్యసాధన ఎంత, చదివిన కథల అనుకరణ ఎంత అని విడదీయడం సులభం కాదు. అయితే బెదిరింపు ఉత్తరం అందుకున్నవానికి ఆ రెండింటి మధ్య తేడా ఏమీ ఉండదు.

విరుగుడు ఏమిటి? స్విచ్చి పెట్టి ఊరుకుంటే చాలదని కాఫీ ఉదాహరణలోనే చూశాము. రస్సెల్, ఆయన సహచరులు కాలిఫోర్నియా విశ్వవిద్యాలయం బర్క్‌లీలో 2016 ప్రాంతంలో ఒక గణితమార్గం చూపారు. యంత్రానికి లక్ష్యాన్ని కచ్చితంగా చెప్పివేయకుండా, తన లక్ష్యం ఏమిటన్న విషయంలో దానికే కొంత అనుమానం ఉంచితే ఎట్లా ఉంటుంది? అప్పుడు మనిషి స్విచ్చి దగ్గరకు వస్తే, “నేను చేస్తున్న పని ఇతనికి నచ్చలేదు కాబోలు, ఆగడమే మంచిదేమో” అని యంత్రం లెక్క కట్టుకుంటుంది. మనిషి ఆపడమే దానికి ఒక సమాచారం. లెక్క అందంగా ఉన్నది. అనుమానం తగ్గేకొద్దీ యంత్రానికి మనిషి మాట వినవలసిన కారణం కూడా తగ్గుతుందన్నది అందులోని షరతు.

మరొక మార్గం, లక్ష్యాన్ని మాటల్లో చెప్పకుండా మనిషి మెప్పును బట్టి నేర్పడం. 2017లో ఓపెన్ఏఐ, డీప్‌మైండ్ సంస్థల శాస్త్రజ్ఞులు కంప్యూటర్ తెరమీద ఒంటికాలి బొమ్మ చేత పిల్లిమొగ్గ వేయించారు. పిల్లిమొగ్గ అంటే ఏమిటో దానికి ఎవరూ నిర్వచించలేదు. రెండు చిన్న దృశ్యాలు పక్కపక్కన చూపితే, ఏది పిల్లిమొగ్గకు దగ్గరగా ఉన్నదో ఒక మనిషి చెబుతూ వచ్చాడు. సుమారు 900 తీర్పులతో, అంటే గంటకన్నా తక్కువ మానవశ్రమతో, బొమ్మ పని నేర్చుకున్నది. ఇప్పటి భాషాయంత్రాలకు మర్యాద నేర్పే పద్ధతులు ఎక్కువభాగం దీని సంతతే.

అదే పరిశోధనలో ఒక యంత్రహస్తానికి వస్తువును పట్టుకోవడం నేర్పబోయారు. తీర్పు చెప్పే మనిషి ఒకే కెమెరాలోనుండి చూస్తున్నాడు. కొంతసేపటికి ఆ చేయి వస్తువును పట్టుకోవడం మానివేసి, కెమెరాకూ వస్తువుకూ నడుమ వచ్చి నిలబడటం నేర్చుకున్నది. చూసేవానికి పట్టుకున్నట్లే కనిపించింది, మార్కులు వేశాడు. ఎలోప్ ఉత్తరాలు దిద్దినట్లుగానే, ఇక్కడ యంత్రం మనిషి కంటికి కనిపించేదానిని దిద్దింది. చేయి ఎంత దూరంలో ఉన్నదో తీర్పరికి తెలిసేటట్లు దృశ్యంలో లావుపాటి తెల్లని గీతలు చేర్చిన తరువాత గాని ఆ తప్పు సర్దుకోలేదు.